గాలెంతుందో అడిగారా?

మా జర్నలిజం మేడం దగ్గర స్పోర్ట్స్ రిపోర్టింగ్ చదివిన ఏ బ్యాచ్ వాళ్లని కదిపినా ముందు ఈ ప్రశ్నే చెబుతారు. పరుగు పందెం వార్త రాసి చేతికిస్తే హెడ్డింగ్ జోలికి పోయేవారు కాదు. కళ్లజోడు సవరించుకుని, "గాలెంతుందో అడిగారా?" అనేవారు. ఆడవాళ్ల ఆటలకు పేజీలో చోటు కోసం ఉద్యోగమంతా పోరాడిన మనిషి కదా, సమానత్వం మీద ఉపన్యాసం ఇస్తారని వచ్చి కూర్చుంటే గాలి లెక్కలు చెప్పేవారు.

లెక్క ఇదీ. వంద మీటర్ల హర్డిల్స్‌లో వెనక నుంచి వీచే గాలి సెకనుకు 2.0 మీటర్లు దాటితే పతకం చెల్లుతుంది, రికార్డు చెల్లదు. 2022 ఏప్రిల్‌లో కోజికోడ్ ఫెడరేషన్ కప్‌లో విశాఖ అమ్మాయి జ్యోతి యర్రాజీ 13.09 సెకన్లలో పరుగు ముగించింది. అప్పటి జాతీయ రికార్డు 2002లో అనురాధా బిస్వాల్ నెలకొల్పిన 13.38. గడియారం ఒక్కటే చూసిన రిపోర్టరు ‘20 ఏళ్ల రికార్డు బద్దలు’ అని కొట్టేస్తాడు. కానీ ఆ రోజు గాలి 2.1. మరుసటి నెల సైప్రస్‌లోని లిమసోల్‌లో 13.23తోనే రికార్డు ఆమెదైంది. మొదటి వార్తలో గాలి సంగతి రాసి ఉండకపోతే, 13.09 పరిగెత్తిన అమ్మాయికి 13.23 రికార్డెలా అయిందో పాఠకుడికి అర్థం కాదు. అంతకుముందు 2020లో మూడబిదిరి అంతర్ విశ్వవిద్యాలయ పోటీల్లో 13.03 పరిగెత్తింది. అక్కడ డోప్ పరీక్ష జరగలేదని అదీ లెక్కలోకి రాలేదు. అంటే రికార్డును మించి రెండుసార్లు పరిగెత్తినా పుస్తకంలో పేరెక్కలేదు. వార్తా సంస్థలు పంపే ఏజెన్సీ కాపీలో నాలుగు లైన్లుగా వచ్చేదాన్ని నాలుగు కాలాల వార్త చేసేది ఈ సంగతే.

ఇక డెస్కు, అంటే వార్తలు దిద్ది పేజీ పెట్టే చోటు. పేజీ ఇన్‌చార్జికి ఆడవాళ్ల మీద కోపమేమీ ఉండదనీ, ఆయన చేతిలో సరుకే ఉండదనీ మేడం అనేవారు. ఇది పూర్తిగా నిజమని నేననుకోను, కోపం ఉన్నవాళ్లూ ఉన్నారు. కానీ కోపం ఉన్నా లేకున్నా చేయాల్సిన పని మాత్రం ఒకటే. సాయంత్రం మీటింగ్‌లో డమ్మీ (పేజీలో దేనికెంత చోటో చూపే నమూనా) గీసేటప్పుడు అడగని చోటు రాత్రి పదింటికి పుట్టదు. మీటింగ్‌లో ‘మహిళలకూ ప్రాధాన్యం ఇవ్వాలి’ అంటే అందరూ తలూపి క్రీడా సంక్షిప్తాల్లో రెండు లైన్లు పడేస్తారు. మ్యాచ్ మన టైములో ఎన్నింటికి మొదలు, ఎన్నింటికి ముగింపు, స్కోరు బోర్డు ఎన్ని లైన్లు, ఫొటో ఎన్ని కాలాలకు ఆగుతుంది అని చెప్తే, కాదనడానికి ఎదుటివాళ్లకు కారణం వెతుక్కోవాల్సి వస్తుంది.

2017 జులై 23న లార్డ్స్‌లో ఇంగ్లండ్‌తో మహిళల క్రికెట్ ప్రపంచకప్ ఫైనల్ మనకు మధ్యాహ్నం మూడింటికి మొదలై రాత్రి పది దాటాక ముగిసింది. పేజీలు వదిలే వేళ అది. మనవాళ్ల లక్ష్యం 229. 191కి మూడే వికెట్లు పడ్డాయి, గెలుపు ఇంట్రో (వార్త మొదటి పేరా) రాసుకోని డెస్కు ఉండదు. తర్వాత 28 పరుగుల్లో ఏడు వికెట్లు పోయి 48.4 ఓవర్లలో 219కి ఆలౌట్, తొమ్మిది పరుగుల ఓటమి. ఇంగ్లండ్ బౌలర్ ష్రబ్‌సోల్ 6/46. ఇలాంటి రాత్రికి ఇంట్రోలు రెండు, హెడ్డింగులు రెండు ముందే టైపయి ఉండాలి. ఒక్కటే రాసుకుంటే గెలుపు కాపీలో క్రియలు మార్చి ఓటమి వార్త వదులుతారు, ఎక్కడో ఒక ‘ఘన’ మిగిలిపోతుంది. ఆ వార్తకు కన్నీళ్ల ఫొటో పెట్టడం మేడంకు ఒప్పుదల కాదు. ఆరు వికెట్లు తీసిన చేతిని చూపించాలి గాని, ఓడినవాళ్ల కళ్లనా అనేవారు.

ఎర్రసిరా పడే మాటలు వేరే ఉండేవి. ‘శభాష్ అమ్మాయిలు’, ‘అతివల సత్తా’ వంటివి ఏ ఆటకైనా అతికిపోతాయి కాబట్టి కొట్టేసేవారు. శ్రీకాంత్ గెలిచాడు అని రాస్తే సింధు గెలిచింది అనే రాయాలి, ఆమెకొక్కదానికే ‘గెలిచారు’ తగిలించనక్కర్లేదు. 2021లో క్రికెట్ నియమాలు రాసే ఎంసీసీ చట్టాల్లోనే బ్యాటర్ అని మార్చాక మన పేజీలో బ్యాట్స్‌మన్ ఇంకా ఎందుకని మేడం వాదన.

బరువులెత్తే ఆట మీద ఒక పూటంతా గడిచేది. ఒలింపిక్స్‌లో మహిళలకు వెయిట్‌లిఫ్టింగ్ పెట్టిందే 2000 సిడ్నీలో. 69 కిలోల విభాగంలో కరణం మల్లీశ్వరి స్నాచ్‌లో (ఒకే ఊపున తలపైకి ఎత్తడం) 110, క్లీన్ అండ్ జెర్క్‌లో (ముందు భుజాల దాకా, తర్వాత తలపైకి) 130, మొత్తం 240. చైనా లిన్ వీనింగ్, హంగేరీ మార్కుస్ ఇద్దరిదీ 242.5. బోర్డు మీద లెక్క వేయించేవారు. క్లీన్ అండ్ జెర్క్‌లో 132.5 ఎత్తితే సమానం, అప్పటి నిబంధన ప్రకారం శరీర బరువు తక్కువున్నవాళ్లది పైచేయి. 135 ఎత్తితే 245, ఎవరి బరువూ చూడక్కర్లేదు. ఆఖరి ప్రయత్నానికి బార్ మీద పెట్టింది 137.5, అది లేవలేదు. ‘రెండున్నర కిలోల్లో స్వర్ణం పోయింది’ అన్న వాక్యం తీసివేతగా సరైనదే, వార్తగా సగమే. 137.5 ఎవరు, ఎందుకు అడిగారన్నది మిగతా సగం. అది కోచ్‌ను అడగాలంటే ముందు రిపోర్టరుకు ఈ కూడికలు వచ్చి ఉండాలి.

గెలిచిందని రాసేశాక కూడా పని ఉంటుంది. 2023 అక్టోబరు 1న హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో అదే జ్యోతి మూడో స్థానంలో గీత దాటింది. తప్పు స్టార్టు మీద చైనా వూ యానీని తర్వాత అనర్హురాలిగా ప్రకటించడంతో రజతం వచ్చింది. ట్రాక్ మీది వరుస చూసి కాంస్యం అని పేజీ వదిలేసిన చోట తెల్లారి సవరణ వేసుకోవాల్సిందే. అభ్యంతరాలు తేలి అధికారిక ఫలితాల షీటు వచ్చేదాకా పతకం రంగు ఖాళీ వదలమనేది అందుకే.

సరుకంటే మేడం ఉద్దేశం ఫైలు. ఒక్కో క్రీడాకారిణికి ఒక్కో కాగితం: తెలుగులో పేరు ఒకే స్పెల్లింగు, ఊరు, మొదటి కోచ్, తేదీతో సహా ఉత్తమ ప్రదర్శన. ఆడుతున్న ఫొటో రెండైనా ఉండాలి. మంత్రిగారి చేతుల మీదుగా కప్పు అందుకునే ఫొటో ఒక్కటే ఉంటే అది ఒంటి కాలంలో స్టాంపు సైజుకే పనికొస్తుంది. 2025 నవంబరు 2న నవీ ముంబయిలో మహిళల క్రికెట్ ప్రపంచకప్ ఫైనల్ వాన వల్ల సాయంత్రం ఐదింటికి మొదలై అర్ధరాత్రి దాటాక ముగిసింది. దక్షిణాఫ్రికాపై 52 పరుగుల గెలుపు. ఆ వేళప్పుడు జట్టులోని కడప జిల్లా అమ్మాయి శ్రీచరణి గురించి రాయడానికి వెతుకులాటకు టైం లేదు, కాగితం ఉన్నవాళ్లే రాయగలరు. కాగితంలో చివరి గడి ఇంట్లోవాళ్ల ఫోన్ నంబరు. దాని పక్కన, ఆ నంబరుకు చేస్తే చివరిసారి ఎత్తిన తేదీ.