మూడో బీరువా, పదో మెట్టు

మన కాలేజీ లైబ్రరీలో కిటికీ పక్కనున్న మూడో బీరువాకి ఎప్పుడూ తాళం వేసి ఉండేది. అందులో పుస్తకాలు అడిగేవాళ్లు పెద్దగా ఉండేవారు కాదు. 1984లో నేను బీయస్సీ రెండో సంవత్సరంలో చేరిన కొత్తలో, మా లెక్కల మాస్టారు లైబ్రేరియన్ గారిని అడిగి ఆ తాళం తీయించి, ఒక పుస్తకం దుమ్ము దులిపి నా చేతిలో పెట్టారు. ఎఫ్.ఆర్. మౌల్టన్ రాసిన 'యాన్ ఇంట్రడక్షన్ టు సెలెస్టియల్ మెకానిక్స్'. 1902లో మొదటిసారి అచ్చయి, 1914లో రచయితే సవరించి మళ్లీ వేసిన పుస్తకం. మన లైబ్రరీలోది డోవర్ వాళ్లు 1970లో వేసిన పేపర్‌బ్యాక్.

దానికి కారణం ముందురోజు క్లాసులో నేనడిగిన ప్రశ్న. కెప్లర్ నియమాలు మూడూ మాకు కంఠతా వచ్చు. గ్రహం దీర్ఘవృత్తంలో తిరుగుతుంది, సూర్యుడు ఒక నాభిలో ఉంటాడు, అన్నీ రాసి మార్కులు తెచ్చుకునేవాళ్లం. "అయితే మాస్టారూ, ఈ రాత్రి తొమ్మిదింటికి కుజుడు ఆ దీర్ఘవృత్తం మీద సరిగ్గా ఎక్కడుంటాడు?" అని అడిగాను. ఆయన బోర్డు మీద ఒక్క లైను రాశారు. క్యాపిటల్ ఈ లోంచి, స్మాల్ ఈ సైన్ క్యాపిటల్ ఈ తీసేస్తే ఎమ్ వస్తుంది. కెప్లర్ సమీకరణం అంతే.

ఎమ్ అంటే కాలం. గ్రహం సూర్యుడికి బాగా దగ్గరగా వచ్చిన చోటు దాటి ఎన్నాళ్లయిందో దాన్ని కోణంగా మార్చి రాస్తాం. స్మాల్ ఈ అంటే ఉత్కేంద్రత, దీర్ఘవృత్తం ఎంత సాగి ఉందో చెప్పే సంఖ్య. క్యాపిటల్ ఈ అనే కోణం తెలిస్తే గ్రహం ఉన్న చోటు తెలిసిపోయినట్టే. చిక్కంతా ఇక్కడే ఉంది. మనకు తెలిసింది ఎమ్, కావలసింది ఈ. ఆ ఈ సైన్ లోపలా ఉంది, బయటా ఉంది. ఎంత పెనుగులాడినా బీజగణితంతో విడిగా బయటికి రాదు.

"ఇది చదివితే రాదమ్మా, చేస్తే వస్తుంది. పెన్సిలు లేకుండా ఈ పుస్తకం తెరవకు" అన్నారు మాస్టారు.

తీరా తెరిస్తే, అయిదో అధ్యాయంలో, సరిగ్గా ఈ సమీకరణం ఉన్న చోట ఆరు పేజీలు లేవు. ఎవరో చింపుకుపోయారు. నాకు ఏడుపొచ్చినంత పనైంది. మాస్టారు ఏమీ అనలేదు. ఆ నెలలో పేపర్లు దిద్దే పని మీద హైదరాబాద్ వెళ్లినప్పుడు, సాయంత్రాలు ఒక లైబ్రరీలో కూర్చుని ఆ ఆరు పేజీలూ బొమ్మలతో సహా తెల్లకాగితాల మీద చేత్తో ఎత్తి రాసుకొచ్చారు. గుండుసూదితో గుచ్చి పుస్తకంలో పెట్టారు. నీలం ఇంకు, గొలుసుకట్టు రాత, సమీకరణాల కింద స్కేలు పెట్టి కొట్టిన గీతలు.

ఆ పేజీల సాయంతో చేసిన మొదటి లెక్క కుజుడిది. ఉత్కేంద్రత 0.0934. ఎమ్ 60 డిగ్రీలు అనుకున్నాం. క్లార్క్స్ టేబుల్స్ అనే పట్టికల పుస్తకంలో సైన్ చూసుకోవడం, దాన్ని 5.351తో (ఉత్కేంద్రతని డిగ్రీల్లోకి మారిస్తే వచ్చేది) గుణించడం, 60కి కలపడం. వచ్చిన జవాబుకి మళ్లీ సైన్ చూసి మళ్లీ అదే పని. మొదట 64.63 వచ్చింది, తర్వాత 64.84, ఆ తర్వాతా 64.84. అంకె కదలడం మానేసిన ఆ క్షణం నాకు ఇప్పటికీ గుర్తే. అక్కణ్ణించి దూరం లెక్కవేస్తే, సూర్యుడికీ భూమికీ మధ్య దూరానికి 1.46 రెట్లు వచ్చింది. నియమం అప్పజెప్పడం వేరు, గ్రహాన్ని ఫలానా చోట ఉంది అని వేలుపెట్టి చూపించడం వేరు అని ఆ సాయంత్రమే తెలిసింది.

మౌల్టన్ పుస్తకంలో నాకు అన్నిటికన్నా నచ్చింది అధ్యాయాల చివర ఉండే చరిత్ర భాగం. ఏ సంగతి ఎవరు ఎప్పుడు కనిపెట్టారో, ఎవరి దగ్గర ఆగిపోయిందో అక్కడ ఉంటుంది. అవి చదివాకే కెప్లర్ గురించి వెతుక్కుని చదివాను. ఆకాశాన్ని ఏళ్ల తరబడి కొలిచిన టైకో బ్రాహి కొలతలకీ కెప్లర్ లెక్కకీ కుజుడి దగ్గర 8 నిమిషాల కోణం తేడా వచ్చింది. చందమామ వెడల్పులో నాలుగో వంతు. సర్దేసుకుని పోవచ్చు. కెప్లర్ సర్దుకోలేదు, వృత్తాన్నే వదిలేశాడు. 1609లో వచ్చిన 'ఆస్ట్రోనోమియా నోవా' ఆ పట్టుదల ఫలితమే. మౌల్టన్ పుస్తకంలో తొమ్మిదో అధ్యాయం ఇంకో అద్భుతం. ఒక గ్రహం ఇంకో గ్రహాన్ని లాగితే కక్ష్య ఎలా మారుతుందో పెద్దగా సమీకరణాల జోలికి పోకుండా బొమ్మలతో, మాటలతో చెప్తాడు. లెక్క అంటే భయపడేవాళ్లకి నేను ఇప్పటికీ మొదట ఆ అధ్యాయమే ఇస్తాను.

స్మార్ట్ రాసిన 'స్ఫెరికల్ ఆస్ట్రానమీ' కూడా ఆ బీరువాలోదే. 1931 నాటి పుస్తకం. అందులో గ్రహగతుల మీద ఒక్క అధ్యాయమే ఉంటుంది కానీ, కక్ష్య మీది స్థానాన్ని మన ఆకాశంలో కనిపించే స్థానంగా మార్చాలంటే అదే దిక్కు. చదవడానికి చప్పగా ఉంటుంది. పని మాత్రం జరుగుతుంది.

ఇక అసలు సంగతి, హేలీ తోకచుక్క. 1986 ఫిబ్రవరి 9న అది సూర్యుడికి అతి దగ్గరగా వస్తుందని పేపర్లలో అప్పటికే రాస్తున్నారు. 1985 సంక్రాంతి సెలవులకి ఇంటికి వెళ్లేముందు మాస్టారు అడిగారు, "ఇప్పుడది ఎంత దూరంలో ఉందో కనుక్కుని రా" అని. దాదాపు 76 ఏళ్లకోసారి తిరిగొచ్చేది, ఇంకో ఏడాది పైచిలుకు ప్రయాణం మిగిలి ఉంది. కక్ష్య రెండు వైపులా ఒకేలా ఉంటుంది కాబట్టి ఆ మిగిలిన కాలాన్నే కోణంగా మారిస్తే, ఎమ్ సుమారు 5 డిగ్రీలు. ఉత్కేంద్రత 0.967. కుజుడి లెక్క మూడు లైన్లలో తేలింది కదా, ఇదెంత అనుకున్నాను.

భోగి నాడు మంటల కోసం తెల్లారగట్లే లేచాం. అది అయ్యాక వరండాలో కూర్చుని మొదలుపెట్టాను. 9.83. తర్వాత 14.46. తర్వాత 18.83. అంకె ఆగదు. 22.89, 26.55, 29.76. ప్రతిసారీ పెరుగుతోంది, పెరిగేది మాత్రం తగ్గుతోంది. అమ్మ అరిసెల పళ్లెం పక్కన పెట్టి వెళ్లింది, చూసుకోలేదు. పదో మెట్టుకి 38.03. అసలు జవాబు ఎక్కడో తెలియదు. ఎక్కడో తప్పు చేశానని ఒకటే టెన్షన్. మొదటినుంచీ మళ్లీ చేశాను. మళ్లీ 38.03.

సెలవులయ్యాక కాగితం చూపిస్తే మాస్టారి ముఖం వెలిగిపోయింది. "లెక్క తప్పు కాదమ్మా, దారి పొడుగు. కుజుడి కక్ష్య దాదాపు గుండ్రం కాబట్టి త్వరగా తేలింది. ఇది బాగా సాగిన కక్ష్య. ఒక్కో మెట్టూ ఎక్కుతూ కూర్చోకు, వాలు చూసుకుని దూకు" అన్నారు. న్యూటన్ పద్ధతి. ఫంక్షన్ విలువని, అంటే సమీకరణంలో ఇంకా మిగిలిన తేడాని, దాని వాలుతో భాగించి, వచ్చినదాన్ని మన ఈ లోంచి తీసేయడం. 38 నుంచి ఒక్క దూకుకి 42.67. రెండో దూకుకి 42.26. అంతే, ఆగిపోయింది. దూరం లెక్కగడితే సూర్యుడికీ భూమికీ మధ్య దూరానికి అయిదు రెట్లు. అంటే ఆ సంక్రాంతికి తోకచుక్క ఇంచుమించు గురుగ్రహమంత దూరంలో ఉంది. టెలిస్కోపు లేదు, కంటికి ఏమీ కనబడదు, అయినా అది ఎంత దూరంలో ఉందో నాకు తెలుసు.

ఆ లెక్కని మాస్టారు తన చేతిరాత పేజీల చివర ప్రశ్నగా రాసి పెట్టారు. జవాబు రాయలేదు.

1986 ఏప్రిల్ 11న అది భూమికి దగ్గరగా, ఆరు కోట్ల కిలోమీటర్ల పైచిలుకు దూరంలోకి వచ్చింది. ఆ రోజుల్లో ఒక అర్ధరాత్రి దాటాక మేం నలుగురం హాస్టల్ డాబా ఎక్కి దక్షిణం వైపు చూశాం. చిన్న పొగముద్ద. ఫొటోల్లో చూసిన తోక ఏదీ లేదు. మిగతా ముగ్గురూ నిరాశపడ్డారు. నాకు ఒళ్లు పులకరించింది.

పరీక్షలు అయిపోయిన ఆ వేసవిలో ఇంకో తలుపు తెరుచుకుంది. మా వీధిలో పంచాంగం గణించే సిద్ధాంతి గారు ఉండేవారు. ఆయన దగ్గర మన పాత ఖగోళ గ్రంథం సూర్యసిద్ధాంతం తెలుగు లిపిలో ఉండేది. మాస్టారి దగ్గర బర్జెస్ 1860లో చేసిన ఇంగ్లీషు అనువాదం ఉండేది. రెండూ పక్కపక్కన పెట్టుకుని కూర్చున్నాం. అందులో మధ్యమ గ్రహాన్ని, అంటే సమవేగంతో తిరుగుతుందనుకున్న గ్రహాన్ని, ముందు కనుక్కుని, దానికి మందఫలం కలిపో తీసేసో సరిచేస్తారు. ఆ మధ్యమ గ్రహం మన ఎమ్ చేసే పనే చేస్తుంది. మందఫలం అంటే గ్రహం సమవేగంతో తిరిగితే ఉండే చోటుకీ నిజంగా ఉన్న చోటుకీ తేడా. కుజుడికి మంద పరిధి, అంటే ఈ సవరణకి వాడే చిన్న వృత్తం చుట్టుకొలత, పెద్ద వృత్తం 360 భాగాలైతే 75 నుంచి 72 భాగాలు అని సూర్యసిద్ధాంతం చెబుతుంది. 72ని 360తో భాగించి, దానికి సరిపోయే కోణం చూస్తే, కుజుడి మందఫలం గరిష్ఠంగా 11 డిగ్రీల 32 నిమిషాలు. మౌల్టన్ దారిలో దీర్ఘవృత్తం నుంచి చేస్తే 10 డిగ్రీల 43 నిమిషాలు. దీర్ఘవృత్తం ఊసే లేని కాలంలో, వృత్తం మీద వృత్తం పెట్టి అంత దగ్గరికి వచ్చారు.

"మా నాన్నగారు నేర్పింది నేను చేస్తున్నాను గానీ, ఎందుకు చేస్తున్నానో ఇవాళే తెలిసిందమ్మా" అన్నారు సిద్ధాంతి గారు. పాత లెక్క ఎక్కువా కొత్త లెక్క ఎక్కువా అని వాదించుకునేవాళ్లని చూస్తే నాకు ఇప్పటికీ బాధేస్తుంది. ఇద్దరూ ఒకే గ్రహం వెంటపడ్డారు.

తర్వాత నేనూ లెక్కల లెక్చరర్‌నయ్యాను, పుస్తకాలు కొనుక్కునే స్థోమత వచ్చింది. డ్యాన్‌బీ రాసిన 'ఫండమెంటల్స్ ఆఫ్ సెలెస్టియల్ మెకానిక్స్' 1988 ఎడిషన్ అన్నయ్య అమెరికా నుంచి తెచ్చాడు. అందులో బేసిక్ భాషలో ప్రోగ్రాములు ఉన్నాయి. మా డిపార్ట్‌మెంట్‌లో ఉన్న ఒకే ఒక్క కంప్యూటర్‌లో కెప్లర్ సమీకరణం ప్రోగ్రాము కొట్టి, మొదటగా ఇచ్చిన అంకెలు 5, 0.967. రెప్పపాటులో 42.26 తెర మీద కనిపించింది. కాసేపు అలాగే చూస్తూ కూర్చున్నాను. ఇప్పుడు ఒక్క పుస్తకమే కొనగలిగే పిల్లలకి నేను చెప్పేది డ్యాన్‌బీనే. మౌల్టన్ కంటే నడక సాఫీగా ఉంటుంది, లెక్కలు బోలెడు. మరీ లోతుకి వెళ్లేవాళ్లకి 1999లో వచ్చిన మరే, డెర్మాట్ల 'సోలార్ సిస్టమ్ డైనమిక్స్' ఉంది. గురుగ్రహం చంద్రుళ్లు అయో, యూరోపా, గానిమీడ్ తిరిగే కాలాలు ఒకటి రెండు నాలుగు లెక్కన కుదిరేలా ఎందుకు తిరుగుతాయో అందులో చూడాలి. దాంతో మొదలుపెట్టొద్దు.

బేట్, ముల్లర్, వైట్ కలిసి రాసిన 'ఫండమెంటల్స్ ఆఫ్ ఆస్ట్రోడైనమిక్స్' మాత్రం మంగళయాన్ ఏడాది నా బల్ల దిగలేదు. 2013 నవంబర్ 5న శ్రీహరికోట నుంచి వెళ్లింది, డిసెంబర్ 1న భూమిని వదిలింది, 2014 సెప్టెంబర్ 24న కుజుడి కక్ష్యలో చేరింది. మా పిల్లలు లెక్క వేశారు. భూమి కక్ష్యనీ కుజుడి కక్ష్యనీ తాకే సగం దీర్ఘవృత్తం మీద వెళ్తే 259 రోజులు. మన నౌకకి పట్టింది 297 రోజులు. "తప్పు చేశామా మేడమ్?" అని అడిగారు. ఆ ప్రశ్న వినగానే నాకు భోగినాటి వరండా గుర్తొచ్చింది. రెండు కక్ష్యలూ గుండ్రంగా లేవు, ఒకే తలంలోనూ లేవు, మీరు వేసింది మొదటి మెట్టు అని చెప్పాను.

మాస్టారు ఇప్పుడు లేరు. ఈ సంచికకి వ్యాసం అడిగినప్పుడు ఒకసారి మన లైబ్రరీకి వెళ్లొచ్చాను. మూడో బీరువా అక్కడే ఉంది, తాళం లేదు. మౌల్టన్ పుస్తకమూ ఉంది. చేతిరాత పేజీలు ఆరూ ఉన్నాయి, గుండుసూది తుప్పు పట్టి కాగితం మీద గోధుమరంగు మరక పడింది. చివరి పేజీలో మాస్టారి ప్రశ్న కింద, నాది కాని చేతిరాతలో, సన్నగా పెన్సిలుతో నాలుగు అంకెలు ఉన్నాయి. 60, 46.41, 42.57, 42.26. ఎవరో 60 దగ్గర మొదలుపెట్టి మూడే దూకుల్లో చేరిపోయారు. నా పది మెట్లూ ఎక్కనే లేదు.

అది రాసింది ఎవరో ఈ సంచిక చదువుతుంటే, పూర్వ విద్యార్థుల సమ్మేళనం రోజున మధ్యాహ్నం భోజనాలయ్యాక మూడో బీరువా దగ్గరికి రండి. 60 ఎందుకు ఎంచుకున్నారో అడగాలని ఉంది.