లాక్స్‌టన్ పొలాల చరిత్ర: పని ఎంతవరకు వచ్చింది

ఇంగ్లండులో నాటింగ్‌హామ్‌షైర్ కౌంటీలో లాక్స్‌టన్ అనే పల్లె ఉంది. మధ్యయుగపు ఉమ్మడి పొలాల పద్ధతి అక్కడ ఇప్పటికీ నడుస్తోంది. మిల్ ఫీల్డ్, సౌత్ ఫీల్డ్, వెస్ట్ ఫీల్డ్ అని కంచెల్లేని మూడు పెద్ద చేలు, ప్రతి చేలో రైతులకు విడివిడిగా చెక్కలు. ఒక చేలో చలికాలపు గోధుమ, ఒకదానిలో వసంతంలో విత్తే పైరు, మూడోది బీడు. ఏటా మారుతూ ఉంటాయి. ఈ ఊరిని పుస్తకాలు, సొసైటీ సంపుటాలు, పటాల ద్వారా 1086లో రాజు చేయించిన భూముల పన్ను లెక్క, డూమ్స్‌డే పుస్తకం దాకా వెనక్కి చదవడమే ఈ పని.

క్రమం ముఖ్యం. కొత్త పటం నుంచి పాతదానికి పోవాలి. డూమ్స్‌డేతో మొదలుపెడితే అందులోని భూమి నేలమీద ఎక్కడుందో తేలదు, ఊహలన్నీ నిజాల్లా పేరుకుంటాయి. అందుకే ముందు బ్రిటన్ ప్రభుత్వ పటాల సంస్థ ఆర్డ్‌నెన్స్ సర్వే వేసిన, మైలుకు 25 అంగుళాల కొలత పటాలు. స్కాట్లండ్ జాతీయ గ్రంథాలయం వీటిని ఉచితంగా చూపిస్తుంది, ఇంగ్లండు పటాలతో సహా. వాటిమీద ఊరి హద్దు, దారులు, వాగులు గీసుకున్నాక 1635 సర్వేకి వెళ్లడం.

ఈ పనికి గుండెకాయ ఆ సర్వేనే. ఊరి భూస్వామి సర్ విలియం కోర్టెన్ కోసం మార్క్ పియర్స్ కొలిచి గీశాడు. పటం ఆక్స్‌ఫర్డ్‌లోని బోడ్లియన్ గ్రంథాలయంలో ఉంది. ప్రతి చెక్కా విడిగా గీసి ఉంటుంది, మధ్యలో దున్నేవాళ్లు, కోత కోసేవాళ్ల బొమ్మలు కూడా. దానితోపాటు ఉన్న పుస్తకం మన అడంగల్ లాంటిదే: ఏ చెక్క ఎవరిది, విస్తీర్ణం ఎంత.

విస్తీర్ణం మూడు గడుల్లో ఉంటుంది: ఎకరం, రూడ్, పర్చ్. 40 పర్చ్‌లు ఒక రూడ్, 4 రూడ్‌లు ఒక ఎకరం. 5-2-26 అని ఉంటే దాన్ని 5.226 అని ఎక్కిస్తే కూడికలన్నీ తప్పుతాయి. స్ప్రెడ్‌షీట్‌లో ముందు అంతా పర్చ్‌లలోకి మార్చాలి: 5×160 + 2×40 + 26 = 906. దాన్ని 160తో భాగిస్తే 5.6625 ఎకరాలు, అంటే 5 ఎకరాల 66 సెంట్లకు కాస్త పైన. గుంటల్లో లెక్క ఇంకా తేలిక: రూడ్‌కి 10 గుంటలు, 4 పర్చ్‌లకు ఒక గుంట, కాబట్టి 5 ఎకరాల 26న్నర గుంటలు. ఇంత చక్కగా కుదరడానికి కారణం 66 అడుగుల గంటర్ గొలుసు. పది చదరపు గొలుసులు ఒక ఎకరం. మద్రాసు ప్రెసిడెన్సీ సర్వేలోనూ అదే గొలుసు వాడారు.

అంకెల దగ్గర ఇంకో చిక్కు. పాత చేతిరాతలో రోమన్ అంకెలు వాడేవారు. నాలుగు నిలువు గీతలు, వాటి నెత్తిన చిన్నగా రెండు ఇంటూ గుర్తులు కనిపిస్తే అది నాలుగు ఇరవైలు, అంటే 80. పైనున్న గుర్తుల్ని వదిలేస్తే అది 4 అయిపోతుంది. వరుసలో చివరి నిలువు గీతకు తోక ఉంటుంది, దాన్నీ 1గానే లెక్కపెట్టాలి. తేదీల్లో 1752కి ముందు ఇంగ్లండులో సంవత్సరం మార్చి 25న మారేది. 1634 ఫిబ్రవరి అని రాసి ఉంటే మన లెక్కలో 1635. నోట్సులో 1634/5 అని రెండూ రాసుకుంటే తర్వాత తికమక ఉండదు.

లైడార్ (విమానం నుంచి లేజర్‌తో నేల ఎత్తుపల్లాలు కొలిచే పద్ధతి) భాగం సగం అయింది. ఇంగ్లండు పర్యావరణ ఏజెన్సీ మీటరు రిజల్యూషన్ డేటా ఉచితంగా ఇస్తుంది. చెట్లూ ఇళ్లూ తీసేసి వట్టి నేలను చూపే డీటీఎం దింపుకోవాలి, అవన్నీ ఉండే డీఎస్‌ఎం కాదు. ఊరు బ్రిటిష్ జాతీయ గ్రిడ్‌లోని ఎస్‌కే 76 గడిలో వాయవ్య పాతిక ముక్కలో వస్తుంది. క్యూజీఐఎస్ అనే ఉచిత పటాల సాఫ్ట్‌వేర్‌లో ప్రాజెక్టును ఈపీఎస్‌జీ 27700లోనే, అంటే మీటర్లలో కొలిచే ఆ బ్రిటిష్ గ్రిడ్‌లోనే ఉంచాలి. డేటాను అక్షాంశ రేఖాంశాల్లోకి మార్చి హిల్‌షేడ్ (ఏటవాలు వెలుగు పడ్డట్టు నీడలతో చూపే బొమ్మ) చేస్తే అడ్డం డిగ్రీల్లో, ఎత్తు మీటర్లలో పడి బొమ్మంతా నలుపు తెలుపు మచ్చలవుతుంది. వెలుగు 315 డిగ్రీల (వాయవ్యం) నుంచి ఒక్కసారే వేస్తే వాయవ్యం నుంచి ఆగ్నేయానికి పారే చాళ్లు మాయమవుతాయి. 45 డిగ్రీల (ఈశాన్యం) నుంచి మరోసారి వేసి రెండూ పక్కపక్కన పెట్టి చూడాలి. ఎద్దుల అరక మలుపు తిరగడానికి చాలా జాగా కావాలి కాబట్టి పాత దున్నకపు మిట్టలు తిరగేసిన ఎస్ ఆకారంలో వంగుతాయి. తిన్నగా, సన్నగా, ఒకే వెడల్పుతో ఉంటే అవి చాలావరకు 19వ శతాబ్దానివి. వాటిని మధ్యయుగపు ఖాతాలో వేయకూడదు.

పుస్తకాల సంగతి. ఇంగ్లండు కౌంటీల చరిత్రల వరుస విక్టోరియా కౌంటీ హిస్టరీలో నాటింగ్‌హామ్‌షైర్‌కి రెండే సంపుటాలు వచ్చాయి (1906, 1910), ఊరూరి చరిత్ర దాకా రాలేదు. మొదటి సంపుటంలో డూమ్స్‌డే అనువాదం ఉంది, అది తీసుకుంటే చాలు. ఊరి వివరానికి రాబర్ట్ థొరోటన్ 1677లో వేసిన పుస్తకమే ఆధారం. ఆన్‌లైన్‌లో దొరికేది 1790ల్లో జాన్ థ్రోస్‌బీ చేర్పులతో వచ్చిన ముద్రణ. ఒకే పేజీలో వందేళ్ల ఎడంతో ఇద్దరి మాటలు కలిసిపోతాయి. ఎవరి వాక్యమో గుర్తు పెట్టకుండా ఎత్తి రాస్తే 18వ శతాబ్దపు ఊహ 17వ శతాబ్దపు సాక్ష్యమైపోతుంది. 1897లో పుట్టిన థొరోటన్ సొసైటీ (ఆయన పేరిట ఉన్న కౌంటీ చరిత్ర సంఘం) సంపుటాల్లో తొలినాటి యాత్రా నివేదికలు చదవడానికి హాయిగా ఉంటాయి, కానీ చాలా వాక్యాలకు ఆధారం చెప్పరు. వాటిని జాడలుగానే వాడాలి. సూచికల్లో ఊరి పేరు పాత రూపాల్లోనూ వెతకాలి: లెక్సింగ్‌టన్ అన్నా ఈ ఊరే.

డూమ్స్‌డేలో ఊరికి పన్ను కట్టే 2 కారుకేట్లు, 6 నాగళ్ల భూమి, 22 మంది విలన్లు (భూస్వామికి కట్టుబడ్డ రైతులు), 7గురు బోర్డార్లు (కొద్దిపాటి భూమి ఉన్న చిన్న రైతులు), 5గురు బానిసలు, ఒక బానిస స్త్రీ, 40 ఎకరాల గడ్డినేల ఉన్నాయి. కారుకేటు ఇక్కడ పన్ను లెక్క. దాన్ని ఎకరాల్లోకి మార్చబోతే పొరపాటే. మనుషుల లెక్కలో విలన్లు, బోర్డార్లు ఇంటిపెద్దలు, కాబట్టి ఇంటికి 4.5 నుంచి 5 చొప్పున వేయాలి. బానిసలు ఇంటిపెద్దలా, విడి మనుషులా అన్నది పండితుల మధ్య తేలలేదు. విడి మనుషులనుకుంటే ఊరి జనం సుమారు 136 నుంచి 151, ఇంటిపెద్దలనుకుంటే 157 నుంచి 175. ఒక్క అంకె చెప్పకుండా 136–175 అని రాసుకోవడమే నిజాయితీ. అడవిని ఒక లీగు (పాత దూరపు కొలత) పొడవు, అర లీగు వెడల్పు అన్నారు. ఆ రెంటినీ గుణించి విస్తీర్ణం కట్టకూడదు, అడవి దీర్ఘచతురస్రంలా పెరగదు.

మిగిలింది కోర్టు లీట్, అంటే ఊరి పొలాల తగవులు తీర్చే స్థానిక కోర్టు రికార్డులు. తర్వాతి కాలపు భూస్వామి ఎర్ల్ మాన్వర్స్ ఎస్టేట్ కాగితాలు నాటింగ్‌హామ్ విశ్వవిద్యాలయంలో ఉన్నాయి. వాటిలో వెతకాల్సింది సైక్‌ల గొడవలు. చేల మధ్య దున్నని గడ్డి పట్టీలను అక్కడ సైక్ అంటారు. అందులోకి నాగలి జరిపినవాళ్లకు ఆ కోర్టు జూరీ జరిమానా వేస్తుంది. ఏటా నవంబరు చివర జూరీ గోధుమ చేను తిరిగి హద్దులు చూసే ఆచారం ఇప్పటికీ ఉంది. జరిమానా పడ్డ ప్రతి సైక్ పేరునూ 1635 పటం మీద గుర్తించి, లైడార్‌లో ఆ పట్టీ అంచు ఇవాళ ఎక్కడుందో కొలవాలి. ముందుగా ఏ సంవత్సరాల పుస్తకాలు ఉన్నాయో కేటలాగులో జాబితా తీస్తున్నాం.