బొమ్మ వెళ్లిపోయిన గోడ

న్యూజెర్సీకి వచ్చిన కొత్తలో నాకు ఏడాది పాటు ఉద్యోగం లేదు. ఇంట్లో ఊపిరాడనట్టు అనిపించినప్పుడల్లా రైలెక్కి న్యూయార్క్ మెట్రోపాలిటన్ మ్యూజియానికి పోయి, ఒక గోడ ముందు బెంచీ మీద కూర్చునేదాన్ని. పదిహేను మీటర్ల పొడవు, ఏడున్నర మీటర్ల ఎత్తు ఉన్న బొమ్మ అది. నడుమ భైషజ్యగురు, అంటే రోగాలు మాన్పే బుద్ధుడు. అటూ ఇటూ బోధిసత్త్వులు, వాళ్ల చుట్టూ కాపలా యోధులు. దగ్గరికి పోతే రంగు పెచ్చులూడిన చోట గడ్డి కలిపిన మట్టి కనపడుతుంది, మా అమ్మమ్మ వాళ్ల పాత ఇంటి గోడలాగే. బొమ్మను ముక్కలుగా కోసి తెచ్చి మళ్లీ అతికిన గీతలు కూడా కనపడతాయి. పక్కన పలక మీద ఉండేది: చైనా, షాన్షీ, గ్వాంగ్‌షెంగ్ దిగువ గుడి, సుమారు 1319.

ఆ గోడ ఇప్పుడు ఎలా ఉందో చూడాలన్న కోరిక అప్పుడు పుట్టింది. తీరడానికి పదేళ్లు పట్టింది. పోయిన అక్టోబరులో మా అక్క, నేను కలిసి వెళ్లాం.

శియాన్ నుంచి హైస్పీడ్ రైల్లో ఆ గుడి ఉన్న తాలూకా, హొంగ్‌తొంగ్ చేరాం. ముందే బుక్ చేసుకున్న హోటల్ వాళ్లు మా పాస్‌పోర్టులు చూసి, విదేశీయులకు గది ఇవ్వలేమన్నారు. రాత్రి తొమ్మిది దాటింది, మాకు భాష రాదు, ఒకటే టెన్షన్. ఎదురు వీధిలో నూడుల్స్ కొట్టు నడిపే ఆవిడ మమ్మల్ని కూర్చోబెట్టి, వెనిగర్ పోసిన వేడి నూడుల్స్ పెట్టి, తనే నాలుగు చోట్లకు ఫోన్ చేసి గది కుదిర్చింది. డబ్బు తీసుకోమంటే నూడుల్స్‌కి మాత్రమే తీసుకుంది.

మర్నాడు పొద్దున్నే గుడికి వెళ్లాం. కొండ అడుగున ఊట ఉంది, పేరు హువో. ఈ నీళ్ల కోసం జావొచెంగ్, హొంగ్‌తొంగ్ అనే రెండు తాలూకాల వాళ్లు తరతరాలు కొట్టుకున్నారట. ఇక్కడ చెప్పే కథ ప్రకారం కాగే నూనెలో పది నాణేలు వేశారు. ఎవరు ఎన్ని తీస్తే వాళ్లకు అన్ని వంతుల నీళ్లు. జావొచెంగ్ యువకుడు చెయ్యి ముంచి ఏడు తీశాడు. ఆ లెక్కన ఒకరికి ఏడు వంతులు, ఇంకొకరికి మూడు. పంపకం తప్పకుండా నీళ్లకు అడ్డంగా నిలబెట్టిన ఇనుప కడ్డీలు ఇప్పటికీ ఉన్నాయి. కాలువ చివరి పొలాల వాళ్ల బాధ తెలిసిన ఇల్లు మాది. అక్క ఆ కడ్డీల దగ్గర నుంచి ఎంతసేపటికీ కదల్లేదు.

1303లో వచ్చిన భూకంపం ఈ ప్రాంతాన్ని నేలమట్టం చేసింది. గుళ్లు కూలిపోయాయి. అప్పుడు పాలిస్తున్నది మంగోలులు, కుబ్లాయ్ ఖాన్ వారసులు. ఆ కాలపు చైనా చిత్రకళ అనగానే కొలువు వదిలి ఏకాంతంలో సిరాతో కొండలు, వెదురు గీసిన పండితుల మాటే ఎక్కువ వినపడుతుంది. వాళ్ల గొప్పతనాన్ని నేను కాదనను. కానీ అదే రోజుల్లో, కూలిన గుళ్లను మళ్లీ కట్టుకుని, గోడలకు మట్టి మెత్తించి, కూలికి వచ్చిన చిత్రకారుల చేత ఇంత పెద్ద లోకాలు గీయించుకున్న ఊళ్లున్నాయి. నేను వెతుక్కుంటూ వచ్చింది వాళ్ల కోసం.

దిగువ గుడి పెద్ద మండపాన్ని 1309లో తిరిగి కట్టారు. లోపల మూడు బుద్ధ విగ్రహాలు, నెత్తిన ఏటవాలుగా పోయే లావు దూలాలు. పక్క గోడల వైపు తిరిగాను. ఏమీ లేదు. పైన, కప్పుకు ఆనుకుని, కోయడానికి చెయ్యి అందని చోట మాత్రం చిన్న ముక్క మిగిలింది. పదేళ్లు న్యూయార్క్‌లో చూసిన ఎరుపు, ఆకుపచ్చ అక్కడ కనపడేసరికి కళ్లనీళ్లు ఆగలేదు.

ఇక్కడి శిలాఫలకం ఒకటి జరిగింది దాచకుండా చెబుతుంది. గుడి కురుస్తోంది, బాగు చేయడానికి డబ్బు లేదు. ఇలాగే వదిలేస్తే గోడ, బొమ్మ రెండూ పోతాయి. దూరం నుంచి కొనేవాళ్లు వచ్చారు. 1920ల చివర్లో ఊరి పెద్దలు, గుడి సన్యాసి కలిసి 1600 వెండి డాలర్లకు బొమ్మలు అమ్మేశారు. ఇదే మండపం నుంచి పోయిన ఇంకో బొమ్మ కాన్సస్ సిటీ నెల్సన్-అట్కిన్స్ మ్యూజియంలో ఉంది. ముందు మండపానివి ఫిలడెల్ఫియాలో ఉన్నాయి. ఇన్నాళ్లూ నాకు అమ్మినవాళ్ల మీద కోపంగా ఉండేది. ఆ కప్పు కింద నిలబడ్డాక అది నిలవలేదు. కొన్నవాళ్ల మీద మాత్రం ఇంకా ఉంది. కప్పు బాగు చేయించి బొమ్మను గోడ మీదే ఉండనిచ్చేంత డబ్బు వాళ్ల దగ్గర లేకపోలేదు.

పక్కనే నీటి దేవుడి గుడి. దీని గోడలు ఇక్కడే ఉన్నాయి. వాన కోసం మొక్కుకోవడం, దేవుడు వాన పంపడం, చేపలవాడి దగ్గర చేప తూచి కొనడం, కర్రలతో బంతిని గుంతలోకి కొట్టే ఆట, అన్నీ ఉన్నాయి. నేను అన్నిటికన్నా ఎక్కువసేపు నిలబడ్డది నాటకం బొమ్మ ముందు. పైన అక్షరాలు: జోంగ్‌దు షియు ఇక్కడ ఆడింది, 1324, నాలుగో నెల. నడుమ ఎర్ర అంగీ, నల్ల టోపీ, చేతిలో కొలువులో అధికారులు పట్టుకునే పలకతో నిలబడ్డ అధికారి ఆవిడే. మగవేషం కట్టిన ఆడమనిషి, పైగా ఆ మేళానికి నాయకురాలు. పక్క నటుడిది పెట్టుడు గడ్డమని దాచకుండా గీశారు. వెనక పిల్లనగ్రోవి, చిడతలు, డోలు.

"ఏమే, ఇటు చూడు," అని అక్క నా చెయ్యి పట్టి లాగింది. ఎడమ చివర తెర కాస్త పక్కకు తీసి ఎవరో తొంగి చూస్తున్నారు. జనం ఎంతమంది వచ్చారో చూసుకునే చూపు అది. వీధి భాగవతం చూసిన ఏ తెలుగువాడికీ దాన్ని విడమరిచి చెప్పక్కర్లేదు.

మంగోలుల రాకతో ఉత్తరాన కొలువు పరీక్షలు ఆగిపోయాయి. 1315 దాకా మళ్లీ పద్ధతిగా జరగలేదు. చదువుకున్నవాళ్లలో కొందరు నాటకాలు రాయడం మొదలుపెట్టారు, నాటకం వెలిగింది. ఇదంతా పుస్తకాల్లో చదివిందే. కానీ నీటి దేవుడి గుళ్లో, దేవుడికి ఎదురు గోడ మీద, ఒక నటికి పేరుతో సహా చోటిచ్చారంటే ఆ ఊరు నాటకాన్ని ఎంత ప్రేమించిందో అక్కడే అర్థమైంది.

రెండు రోజుల తర్వాత దక్షిణాన రుయీచెంగ్ వెళ్లాం, యోంగ్‌లె గుడికి. ఇది తావో మతస్థుల గుడి. వాళ్ల గురువు చియు చూజి 1222లో హిందూకుష్ దాకా ప్రయాణించి చెంఘిజ్ ఖాన్‌ని కలిసి తన శాఖకు పన్ను మినహాయింపు తెచ్చుకున్నాడు. ఇంత పెద్ద గుడి కట్టే సత్తువ అక్కడి నుంచి వచ్చింది. ముఖ్య మండపంలో నాలుగు మీటర్లకు పైగా ఎత్తున్న గోడల చుట్టూ దాదాపు 290 మంది దేవతలు ఒకే కొలువులో నిలబడి ఉంటారు. 1325లో లుయోయాంగ్ నుంచి వచ్చిన మా జున్‌షియాంగ్ బృందం పని. భుజం మీద మొదలైన కుంచె గీత ఎక్కడా వణక్కుండా పాదాల దాకా దిగుతుంది. నగల దగ్గర గీతను ఉబ్బెత్తుగా వేసి దాని మీద బంగారు రేకు అద్దారు. పక్క నుంచి వెలుగు పడితే మెరుస్తుంది.

ఈ గోడలనూ కోశారు. ఆనకట్ట నీళ్లలో మునుగుతాయని 1959 నుంచి గుడిని విప్పి, బొమ్మలను వందల ముక్కలుగా రంపంతో కోసి, ఇరవై కిలోమీటర్ల పైచిలుకు మోసుకొచ్చి ఇక్కడ మళ్లీ నిలబెట్టారు. అతుకుల కోసం వెతికాను. ఒక దేవత చేతి మడతల మధ్య నుంచి సన్నగా ఒకటి పోయింది. ముఖాల మీద నాకు ఒక్కటీ కనపడలేదు.

వెనక మండపం 1358 నాటిది. గీసినవాళ్లు జు హావొగు శిష్యులు. ఆ గురువుది హొంగ్‌తొంగ్‌కు దగ్గరి ఊరే. వాళ్లు తమ పేర్లు గోడ మీదే రాసుకున్నారు. ఇంకో పదేళ్లకు మంగోలుల ఏలుబడి ముగిసింది. ఫోటోలు తీయనివ్వలేదు కాబట్టి ఆ అక్షరాలను నోటుబుక్‌లో ఒక్కొక్కటిగా చూసి గీసుకున్నాను. అర్థం తెలియకుండా గీస్తున్నా, చెయ్యి వాటికి అలవాటు పడుతున్నట్టు అనిపించింది.

తిరిగొచ్చిన వారానికి న్యూయార్క్ వెళ్లాను. అదే బెంచీ. ఈసారి బుద్ధుణ్ణి కాదు, బొమ్మ పై అంచును చూస్తూ కూర్చున్నాను, కప్పు కింద మిగిలిన ఆ ముక్కను గుర్తు తెచ్చుకుంటూ.