ఆసు చట్రం ఎదుట

ఆదివారం, రాత్రి.

పోచంపల్లి ప్రాంతంలోని ఒక నేత గ్రామంలో చిన్న చేనేత మ్యూజియం ఉందని విని, చాలాకాలంగా వాయిదా వేస్తూ వచ్చిన ఆ ప్రయాణం ఇవాళ పూర్తి చేశాను. పెద్ద భవనమేమీ కాదు. రెండు గదులు, ఒక వరండా, గోడల మీద చీరలూ రుమాళ్లూ, నేల మీద పనిముట్లు. లోపల ప్రదర్శనకు పెట్టిన గుంట మగ్గం లాంటిదే అదే వీధిలోని ఒక ఇంట్లో ఇంకా ఆడుతూ ఉంది. ఆ చప్పుడు కిటికీలోంచి వినిపిస్తూనే ఉంది. పాతకాలపు పనిముట్లు అని రాసిన పలక ముందు నిలబడి అది వింటుంటే కొంత తమాషాగానే అనిపించింది.

వచ్చినవారందరూ నేరుగా మగ్గం దగ్గరికే వెళ్లి ఫోటోలు దిగుతున్నారు. వారిని తప్పుపట్టలేం, కంటికి కనిపించే పని అదే కదా. కానీ పోగులకు ముందే రంగులద్ది నేసే ఈ ఇక్కత్‌లో బొమ్మ మగ్గం మీద పుట్టదు. నూలు మగ్గం ఎక్కేసరికే అది పోగుల మీద సిద్ధంగా ఉంటుంది. గ్రాఫు కాగితం మీద గీసుకున్న నమూనా ప్రకారం పోగులకు గుర్తులు పెట్టి, రంగు అంటకూడని చోట సైకిల్ ట్యూబు నుంచి కోసిన సన్నని రబ్బరు పట్టీలతో బిగించి కట్టి, అద్ది, ఆరబెట్టి, కట్లు విప్పి, మరోచోట కట్టి మళ్లీ అద్దుతారు. ఈ పని పడుగుకు, అంటే నిలువు పోగులకు మాత్రమే చేస్తే ఒక రకం, పేకకు, అంటే అడ్డపోగులకు మాత్రమే చేస్తే మరో రకం, రెండింటికీ చేసి మగ్గం మీద ఒకదానితో ఒకటి సరిపోయేలా నేస్తే డబుల్ ఇక్కత్. ఆ చివరి రకం నేసే చోట్లు ప్రపంచంలోనే బహు కొద్ది; గుజరాత్‌లోని పటాన్, బాలి ద్వీపంలోని తెంగనాన్ గ్రామం, జపాన్‌తో పాటు మన పుట్టపాక, పోచంపల్లి వాటిలో ఉన్నాయి.

గోడ మీది తేలియా రుమాలు దగ్గర చాలాసేపు ఆగిపోయాను. ఎరుపు, నలుపు, తెలుపు తప్ప మరో రంగు లేని చదరపు గుడ్డ. చీరాలలో పేరుపొందిన ఈ పనిని నేడు ప్రధానంగా పుట్టపాక నేతకారులు నిలబెడుతున్నారు. నూనెతోనూ, ఆముదపు కాయల బూడిదతోనూ నూలును పదేపదే శుద్ధి చేయడం వల్లనే దానికా పేరు వచ్చింది. ఒకప్పుడు అరబ్బు దేశాలకు తలగుడ్డలుగా ఎగుమతి అయిన ఈ రుమాలుకు 2020లో భౌగోళిక గుర్తింపు లభించింది. పోచంపల్లి ఇక్కత్‌కు అది 2005లోనే దక్కింది. దగ్గరగా చూస్తే ఒక్క గీతకూ కత్తితో కోసినట్టుండే అంచు లేదు, ఎరుపు తెలుపులోకి పోగు పోగుకూ కొద్దికొద్దిగా పాకింది. అద్దకపు అచ్చు వేసిన నకలు గుడ్డల్లో ఈ చెదురు ఉండదు, వెనుక వైపు రంగు కూడా వెలవెలబోతుంది.

అయితే నన్ను ఎక్కువసేపు నిలబెట్టింది మూలనున్న ఆసు చట్రం. ఒక వైపు అర్ధచంద్రాకారంలో వరుసగా మేకులు, ఎదురుగా ఒకే ఒక్క మేకు. చిటికి కట్టడానికి, అంటే పోగులను రబ్బరు పట్టీలతో బిగించడానికి ముందు పేక నూలును ఆ ఒక్క మేకుకూ ఈ వరుసకూ మధ్య అటూ ఇటూ తిప్పాలి; దీన్నే ఆసు పోయడం అంటారు. ఒక చీరకు చేయి దాదాపు 9,000 సార్లు వెళ్లి రావాలని చెబుతారు. నాలుగైదు గంటల పని, ఎక్కువగా ఆడవాళ్ల పని. భుజాలూ మోచేతులూ పట్టేసి కొందరు చేయి పైకెత్తలేని స్థితికి వచ్చేవారట. ఇంత చేసినా గుడ్డ మీద ఆ శ్రమ జాడ ఎక్కడా కనిపించదు. నేసినవారి నేర్పును మెచ్చుకుంటాం, రంగులద్దినవారిని మెచ్చుకుంటాం, ఆసు పోసినవారు ఆ లెక్కలోకే రారు.

ఆలేరు దగ్గరి శారాజిపేటకు చెందిన చింతకింది మల్లేశం తన తల్లి లక్ష్మి పడిన ఈ బాధను చూడలేక, ఏళ్ల తరబడి అప్పులతో, అవహేళనలతో కుస్తీ పట్టి 1999లో ఆసు యంత్రాన్ని తయారుచేసి, దానికి తల్లి పేరే పెట్టారు. నాలుగైదు గంటల పని గంటన్నరకు దిగింది. 2017లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది.

మ్యూజియం వెనుక ఇంటి అరుగు మీద కండెలు చుడుతున్న ఆవిడను, “అక్కా, మీరెప్పుడైనా ఆ చట్రం మీద ఆసు పోశారా?” అని అడిగాను. “పెండ్లయిన కొత్తల పోసిన మేడం. మా అత్త అయితే శానా ఏండ్లు పోసింది. ఇప్పుడు మిషన్ ఉంది గద, అది అక్కడుంటేనే మంచిది,” అని, చుట్టిన కండెలను వరుస తప్పకుండా పెట్టెలో సర్దుకుంది. ఆ వరుస తప్పితే నేతలో బొమ్మ చెదిరిపోతుంది కాబట్టి మాట్లాడుతున్నంతసేపూ ఆవిడ చూపు నా మీద కంటే పెట్టె మీదే ఉంది.

చేనేత మ్యూజియం గురించి రాసేవారంతా, నేనూ సహా, పోగొట్టుకున్నవాటి మీద విచారించడం అలవాటు చేసుకున్నాం. ఈ ఊళ్లో మాత్రం మగ్గం ఇంట్లోనే ఉంది, చిటికి కట్టడమూ ఇంట్లోనే ఉంది. నిజంగా పని మానేసి మ్యూజియంలోకి చేరిన వస్తువు ఆసు చట్రం ఒక్కటే, దాన్ని తిరిగి ఇంటికి తెచ్చుకోవాలని ఎవరూ కోరుకోవడం లేదు. అలాగని మూలన పెట్టవలసిన వస్తువు కాదది. గది మధ్యలో పెట్టి, వచ్చినవారి చేత ఒక వంద సార్లయినా నూలు తిప్పించాలి, ఆ తర్వాత చీర ధర గురించి బేరమాడనివ్వాలి. సందర్శకుల పుస్తకంలో ఈ మాటే రాసి, సంతకం పెట్టి వచ్చాను.