పాత రీళ్లలో విశాఖ తీరం: నా అనుభవం

విశాఖ తీరంపై ఒక వీడియో కళాకృతి చేయాలనుకున్నప్పుడు, కొత్తగా ఒక్క షాట్ కూడా తీయకుండా, ఎవరో ఎప్పుడో తీసిన దృశ్యాలతోనే మనిషికీ సముద్రానికీ మధ్య జరిగినది చెప్పాలని నిర్ణయించుకున్నాను. నేటి బీచ్‌ను ఎంత శ్రద్ధగా చిత్రీకరించినా, కొట్టుకుపోయిన ఇసుక అందులో కనబడదు కదా.

మొదట పాత వార్తాచిత్రాలు (న్యూస్‌రీళ్లు) వెతికాను. 1933లో ఓడరేవు ప్రారంభమైంది. 1948 మార్చి 14న నెహ్రూ విశాఖలోనే నిర్మించిన 'జలఉష' ఓడను జలప్రవేశం చేయించారు. ఇలాంటి సందర్భాలను తీసే కెమెరా చూపంతా నాయకుల మీద, పూలదండల మీద ఉంటుంది. అందుకని తెర మధ్యభాగాన్ని కాగితంతో కప్పి, అంచులను మాత్రమే చూడటం అలవాటు చేసుకున్నాను. కొండవాలు మీది చెట్లు, ఒడ్డున ఆరేసిన వలలు, పక్కకు నెట్టేసిన తెప్పలు అక్కడే దొరికాయి.

మన చట్టం ప్రకారం విడుదలైన తరువాతి సంవత్సరం నుంచి 60 ఏళ్లకు సినిమాపై కాపీరైట్ ముగుస్తుంది. అయినా మంచి ప్రతి కావాలంటే దాన్ని భద్రపరచినవారి దయ ఉండాల్సిందే. ఒక కార్యాలయం నుంచి నెలల తరబడి జవాబే రాలేదు.

అసలైన సంపద విశాఖ మల్కాపురంలోని ఒక కుటుంబం దగ్గర దొరికింది: ఆ ఇంటి పెద్దాయన చిన్న కెమెరాతో తీసిన 8 ఎం.ఎం. ఫిల్ము రీలు. డబ్బా మూత తీయగానే వెనిగర్ వాసన ఘాటుగా వచ్చింది. అసిటేట్ అనే ప్లాస్టిక్‌తో చేసిన పాత ఫిల్ము చెడిపోతున్నదనడానికి అది గుర్తు. అప్పటికే కుంచించుకుపోయిన ఫిల్మును ప్రొజెక్టర్‌లో పెడితే అంచు రంధ్రాల దగ్గర చిరిగిపోతుంది కనుక, ఒక్కొక్క ఫ్రేమునూ విడిగా స్కాన్ చేయించాను. సెకనుకు 16 ఫ్రేములతో తీసిన దాన్ని 24తో ఆడిస్తే మనుషులు పరుగెడుతున్నట్టు నడుస్తారు, అలలూ తొందరపడతాయి. పాతకాలం వారిని అలా చూపించడం వారిపట్ల అమర్యాద అని నా అభిప్రాయం. అందుకే వేగాన్ని అలను చూసి సరిచేశాను. నడకలు వాటంతటవే కుదిరాయి.

ఈ తీరం వెంబడి ఇసుక ఏడాదిలో ఎక్కువ భాగం దక్షిణం నుంచి ఉత్తరానికి కదులుతుంది. ఓడరేవు కోసం కట్టిన అడ్డుగోడల దగ్గర అది ఆగిపోవడంతో, ఉత్తరాన ఉన్న ఆర్కే బీచ్‌కు రావలసిన ఇసుక తగ్గి కోత పెరిగింది. ఓడరేవు దగ్గర తవ్వితీసిన ఇసుకను గొట్టాల ద్వారా మళ్లీ బీచ్‌కు పంపవలసి వస్తున్నది. దీన్ని వ్యాఖ్యానంగా చదివించాలనుకున్నాను కానీ, రీలు చూసిన జాలరిపేట తాతగారి మాట విన్నాక ఆ ఆలోచన మానుకున్నాను. "అమ్మా, ఆ తెప్పలు లాగిన చోట ఇప్పుడు నీళ్లే," అన్నారాయన, తెర మీద వేలు పెట్టి చూపిస్తూ. ఆయన అనుమతితో ఆ గొంతునే దృశ్యం మీద ఉంచి, సంగీతం పూర్తిగా తీసేశాను.