హనోయి నుంచి ఒక్కరోజు గైడెడ్ టూర్: జౌ, బుత్ థాప్, దోంగ్ హో (అమ్మతో నా అనుభవం)

హనోయి వెళ్లిన మనవాళ్లు హాలాంగ్ బేలో పడవ, నిన్ బిన్ కొండలు, రైలు పట్టాల వీధిలో నాలుగు ఫొటోలు, ఇంతటితో సరిపెట్టుకుని వచ్చేస్తారు. నా ప్లానూ అదే, కాకపోతే ఈసారి అమ్మ వెంట ఉంది. ఆవిడకి గుహలూ పడవలూ పట్టవు. "ఇంత దూరం తీసుకొచ్చి ఒక్క పాత గుడైనా చూపించవేంట్రా" అని హోటల్లో మొదలుపెట్టింది. సరే, పల్లెటూళ్లూ పాత పగోడాలూ కలిసిన టూర్ ఏదైనా ఉందా అని వెతకడం మొదలుపెట్టాను. ఈ వెతుకులాట దగ్గర్నుంచే రాస్తున్నాను, ఎందుకంటే రోజు బాగా గడవడానికి సగం కారణం బుక్ చేసేముందు అడిగిన ప్రశ్నలే.

వియత్నాం వీసా సంగతి ఒక్క ముక్కలో: మనకి ఈ-వీసా కావాలి, సింగిల్ ఎంట్రీకి 25 డాలర్లు, 90 రోజుల దాకా ఇస్తారు. ప్రభుత్వ సైట్‌లోనే కట్టండి, అచ్చం అలాగే కనిపించే దళారీల సైట్లు చాలా ఉన్నాయి.

హనోయి చుట్టుపక్కల ఈ రకం టూర్లలో నాకు తగిలినవి ముఖ్యంగా రెండు దారులు. పడమర వైపు వెళ్తే థాయ్ పగోడా, తాయ్ ఫువాంగ్ పగోడా, దువాంగ్ లామ్ అనే పాత ఊరు. తూర్పు వైపు వెళ్తే బాక్ నిన్ ప్రాంతంలో జౌ, బుత్ థాప్ అనే రెండు పగోడాలు, దోంగ్ హో అనే బొమ్మల అచ్చుల ఊరు. తాయ్ ఫువాంగ్ పగోడాకి రెండు వందలకు పైగా మెట్లున్నాయి, అమ్మ మోకాళ్లకి అది కుదరదు. అదొక్కటే కారణం కాదు. జౌ పగోడా వియత్నాంలోనే అతి పురాతనమైన బౌద్ధాలయమని అంటారు, పైగా మన దేశం నుంచి సముద్రం దాటి వెళ్లిన భిక్షువులు బస చేసిన చోటు. ఆ మాట చదవగానే ఇక ఇంకోటి చూడక్కర్లేదనుకున్నాను.

ఇక్కడో చిక్కుంది, వెళ్లేవాళ్లు గుర్తుపెట్టుకోండి. ఇంగ్లిష్‌లో వియత్నామీ అక్షరాల మీది గుర్తులు తీసేసి రాస్తే అచ్చం ఒకేలా కనిపించే పేరుతో హనోయికి దక్షిణాన, థువాంగ్ తిన్‌లో ఇంకో పగోడా ఉంది. లక్క పూసి భద్రపరిచిన ఇద్దరు భిక్షువుల దేహాలకి అది ప్రసిద్ధి. అదీ చూడదగ్గదే, కానీ మేం అడిగింది అది కాదు. నేను మాట్లాడిన ఏజెన్సీ పంపిన ప్లాన్‌లో పేరు సరిగ్గానే ఉంది, మ్యాప్ మాత్రం దక్షిణానికి పోయింది. ఫోన్ చేసి "బాక్ నిన్, థువాన్ థాన్" అని ఊరు పేర్లు చెప్పి మార్పించాను. అదే ప్లాన్‌లో మధ్యాహ్నం ఒక "సిల్క్ షోరూమ్" కూడా ఉంది. అది తీసేయమంటే ధర పెంచుతామన్నారు. అంటే షోరూమ్ వాడిచ్చే కమీషన్ మీదే ఆ తక్కువ ధర నిలబడిందన్నమాట. అక్కడ బేరం ఆపేసి వేరేచోట కారు, డ్రైవరు, ఇంగ్లిష్ వచ్చిన గైడు మాత్రమే మాట్లాడుకున్నాను. కొంచెం ఎక్కువే అయింది గానీ రోజంతా మన చేతిలో ఉంది. గ్రూపు వ్యాన్‌లో అయితే జౌ దగ్గర అంతసేపు కూర్చోనిచ్చేవాళ్లు కాదు.

ఉదయం ఎర్ర నది వంతెన దాటేదాకా మోటార్‌సైకిళ్ల వరద. దాటాక ఫ్యాక్టరీలు, ఆ తర్వాత వరి పొలాలు. జౌ ముప్పై కిలోమీటర్ల దూరమే, అయినా హనోయి నుంచి బయటపడడమే పెద్ద పని. మా గైడు పాతికేళ్ల లోపు అమ్మాయి. అమ్మ చీర చూసి ముచ్చటపడి, దారిలోనే గుడి మర్యాదలన్నీ చెప్పేసింది: భుజాలు, మోకాళ్లు కప్పుకోవాలి, మధ్య ద్వారం నుంచి కాకుండా పక్క ద్వారం నుంచి లోపలికి వెళ్లాలి, ఎత్తైన చెక్క గడప దాటాలే గానీ తొక్కకూడదు. "గడప తొక్కకూడదని నాకు చెప్తోందేంట్రా" అని అమ్మ నవ్వింది.

గుడి ముందు పెద్ద ఆర్భాటమేమీ లేదు. వాకిట్లో మధ్యన ఇటుకల గోపురం, హోవా ఫోంగ్ అంటారు. ఒకప్పుడు తొమ్మిది అంతస్తులట, ఇప్పుడు మూడే మిగిలాయి. 1737లో బాగుచేశారు. దాని పక్కన రాతి పొట్టేలు ఒకటి మోకాళ్లు మడుచుకుని పడుకుని ఉంది. చేతులు తగిలి తగిలి వీపు నున్నగా అయిపోయింది. ఆ రోజుల్లో అక్కడ గొర్రెల పెంపకమే లేదు, మరి పొట్టేలు ఎక్కణ్నుంచి వచ్చిందంటే, భారతదేశం నుంచి వచ్చిన భిక్షువు వెంట తెచ్చుకున్న జత గొర్రెలు తప్పిపోయాయని ఒక కథ చెప్తారు. రెండో పొట్టేలు దగ్గర్లోనే ఒక పాత పాలకుడి సమాధి దగ్గరుందట.

అసలు కథ లోపలుంది. మన్ నువాంగ్ అనే అమ్మాయి ఈ ఊళ్లో గుళ్లో సేవ చేసుకునేది. ఒకరోజు వాకిలికి అడ్డంగా నిద్రపోతుంటే, భారతీయ సాధువు ఆమెని దాటుకుని వెళ్లాడు. అంతే, ఆమె గర్భవతి అయింది. ఆడపిల్ల పుడితే సాధువు ఆ పిల్లని ఒక చెట్టు తొర్రలో దాచి, తల్లికి ఒక కర్ర ఇచ్చి, కరువొచ్చినప్పుడు నేలని గుచ్చితే నీళ్లు వస్తాయన్నాడు. కొన్నాళ్లకి గాలివానలో చెట్టు కూలి, నదిలో కొట్టుకుంటూ ఊరి దగ్గరికొచ్చి ఆగింది. ఎంతమంది లాగినా కదల్లేదు, మన్ నువాంగ్ తన నడుముకట్టుతో లాగితే వచ్చేసింది. ఆ మానుతో నలుగురు అక్కచెల్లెళ్ల విగ్రహాలు చెక్కారు: మేఘం, వాన, ఉరుము, మెరుపు. చెక్కుతున్నప్పుడు మానులో ఒక రాయి దొరికితే నదిలో పారేశారు, అది నీళ్లలోంచి వెలుగులు చిమ్మింది, మళ్లీ తీసుకొచ్చి పూజలో పెట్టారు. ఆ రాయి శివలింగ ఆరాధన జాడ అని అక్కడి పరిశోధకులు కొందరు అంటారట. ఈ మాట చెప్పగానే అమ్మ మెడ చాచి రాయి ఎక్కడుందా అని వెతకడం మొదలుపెట్టింది.

గర్భాలయంలో ఉన్నది మేఘమ్మ, ఫాప్ వాన్. పేరుకి బుద్ధుడి రూపం, చూస్తే మాత్రం ఆడమనిషే. దగ్గర దగ్గర మనిషంత ఎత్తు, పొగచూరిన రాగి రంగు ఒళ్లు, కనుబొమల మధ్య పెద్ద చుక్క. ముందు బల్ల మీద అరటిపళ్లు, బిస్కట్ ప్యాకెట్లు, చాకోపై డబ్బాలు, ఒక మూల బీరు క్యాన్లు కూడా. అమ్మ కాసేపు ఏమీ మాట్లాడలేదు. తర్వాత "వానల కోసమేగా ఈ అక్కచెల్లెళ్లని కొలిచేది, మన ఊరి పొలిమేరలో ఉండే అమ్మవార్ల లాగే ఉన్నారు" అంది. గైడ్‌కి తర్జుమా చేసి చెప్తే, చాంద్రమానంలో నాలుగో నెల ఎనిమిదో రోజున జాతర జరుగుతుందనీ, అక్కచెల్లెళ్లని ఊరేగింపుగా తల్లి గుడికి తీసుకెళ్తారనీ చెప్పింది. నలుగురికీ మొదట వేర్వేరు గుళ్లుండేవి. వానమ్మ గుడి యుద్ధకాలంలో పోయింది, అందుకే ఆవిడ విగ్రహం ఇప్పుడు అక్క దగ్గరే ఉంటోంది.

ఇదే గుళ్లో 580లో వినీతరుచి అనే భిక్షువు దిగాడు. దక్షిణ భారతం నుంచి వెళ్లిన బ్రాహ్మణుడని వియత్నాం గ్రంథాలు చెప్తాయి. ఆయన పెట్టిన ధ్యాన సంప్రదాయం ఆ దేశంలో కొన్ని వందల ఏళ్లు నడిచింది. మనకి పుస్తకాల్లో ఎక్కడా తగలని పేరు, అక్కడ బడిపిల్లలకి కూడా తెలుసట.

చిల్లర గురించి చెప్పాలి. హుండీలు చాలా ఉంటాయి, బల్లల మీద కూడా నోట్లు పెడతారు. పదివేలు, ఇరవైవేల డాంగ్ నోట్లు ముందే మార్చి పెట్టుకోండి. మన రూపాయికి అటూ ఇటుగా మూడు వందల డాంగ్ వస్తుంది కాబట్టి పదివేలంటే ముప్పై చిల్లరే, కంగారు పడక్కర్లేదు. కొబ్బరికాయ కొట్టడం, హారతి ఇవన్నీ లేవు. అగరువత్తులు బయట ధూపపాత్రలో గుచ్చమంటారు, పాత చెక్క కట్టడం కదా, లోపల నిప్పు భయం.

బుత్ థాప్ అక్కడికి దగ్గరే, దువోంగ్ నది కరకట్ట పక్కన. బయట రాతి గోపురం, రాతి వంతెన, బోలెడు శిల్పం. నా కళ్లు మాత్రం వెయ్యి చేతుల అవలోకితేశ్వర (కరుణకి రూపమని బౌద్ధులు కొలిచే బోధిసత్వుడు) విగ్రహం దగ్గరే ఆగిపోయాయి. 1656 నాటి చెక్క విగ్రహం, పైన లక్క పూత. పెద్ద చేతులు నలభై పైచిలుకు, వెనక వలయంలో చిన్న చేతులు వందల్లో. దూరానికి నెమలి పురి విప్పినట్టుంటుంది, దగ్గరికెళ్తే ప్రతి అరచేతిలో ఒక కన్ను. ఒక చెయ్యిలాగా ఇంకో చెయ్యి లేదు. గైడు మొదలెట్టిన లెక్కలు కాసేపు ఆపమని, ఊరికే చూస్తూ నిలబడ్డాను. గైడ్లు మంచివాళ్లే, కానీ వాళ్లకి ఒక టేపు ఉంటుంది, అది అయిపోయేదాకా ఆగరు. "ఇక్కడ మేం పది నిమిషాలు మాట్లాడకుండా చూస్తాం" అని నవ్వుతూ చెప్పేయండి, ఏమీ అనుకోరు.

మధ్యాహ్నం భోజనం దగ్గర నాకు నిజంగా టెన్షన్ ఉండింది, ఎందుకంటే అక్కడ ఆకుకూరలోనూ చేప సాస్ పోస్తారు. మేం వెళ్లింది పౌర్ణమి నాడు కాబట్టి గట్టెక్కాం. చాంద్రమాన నెల మొదటి రోజు, పౌర్ణమి, ఈ రెండు రోజులూ అక్కడ చాలామంది మాంసం ముట్టరు, శాకాహారం సులువుగా దొరుకుతుంది. గుళ్లలో జనం ఎక్కువుంటారు, అది భరించాలి. "చాయ్" అంటే శాకాహారం, దాంతోపాటు "నుక్ మామ్ (చేప సాస్) వద్దు" అని గైడ్ చేత వంటింట్లోకి వెళ్లి చెప్పించండి. అన్నం, టమాటాలో ఉడికించిన టోఫు, వెల్లుల్లి వేసి వేయించిన తూటికూర వచ్చాయి. తూటికూర చూసి అమ్మ రెండోసారి వడ్డించుకుంది. చివర్లో బాక్ నిన్ వాళ్ల ఫూ థే అనే తీపి, ఆకులో చుట్టిన జిగురు బిళ్ల, లోపల పెసరపప్పు, కొబ్బరి. అది నిస్సందేహంగా తినొచ్చు.

దోంగ్ హోలో అడుగుపెట్టగానే కనిపించేది బొమ్మల అచ్చులు కాదు, కాగితపు గుర్రాలు, ఇళ్లు, బైకులు. చనిపోయిన పెద్దల కోసం కాల్చే సరుకు. ఊళ్లో ఎక్కువమంది ఇప్పుడు దాని మీదే బతుకుతున్నారు, అచ్చుల పని పట్టుకుని ఉన్నవి కొద్ది కుటుంబాలే. మేం వెళ్లిన ఇంట్లో ఒక పెద్దాయన పని చేసి చూపించాడు. చెట్టు బెరడుతో చేసిన కాగితం మీద, ఆల్చిప్పల పొడి కలిపిన జిగురుని పైన్ ఆకుల కుంచెతో పూస్తారు, ఆరాక సన్నటి గీతలతో మెరుస్తుంది. రంగులన్నీ ఇంటివే: కాల్చిన వెదురాకుల మసితో నలుపు, ఎర్రరాతి పొడితో ఎరుపు, నీలి ఆకుతో నీలం, ఒక పువ్వుతో పసుపు. ఒక్కో రంగుకి ఒక్కో చెక్క దిమ్మె. దిమ్మెని రంగులో అద్ది కాగితం మీద నొక్కి, రెండూ కలిపి తిరగేసి, కాగితం వీపు మీద ఒక పీచు ముక్కతో రుద్దాడు. అమ్మ వంగి చూసి "ఇది బీరపీచు కదరా!" అంది. బీరపీచే. ఆయన దాన్ని అమ్మ చేతికిచ్చి రుద్దమన్నాడు. నల్ల గీతల దిమ్మె ఎప్పుడూ ఆఖర్న పడుతుంది, అది పడగానే అప్పటిదాకా మరకల్లా ఉన్న రంగులు ఎలుకల పెళ్లి ఊరేగింపు అయిపోయాయి: గుర్రం మీద పెళ్లికొడుకు, పల్లకీలో పెళ్లికూతురు, ముందు పిల్లికి లంచంగా చేప, పిట్ట పట్టుకెళ్తున్న ఎలుకలు. కొనేటప్పుడు తిరగేసి చూడండి, చేతి అచ్చుకి వెనకవైపు రంగు కొంచెం దిగి ఉంటుంది, ప్రింటింగ్ ప్రెస్ కాగితానికి ఉండదు.

సాయంత్రం ట్రాఫిక్‌లో తిరిగి రావడం నరకమే, అందుకే ఆ రాత్రికి విమానం గానీ రైలు గానీ పెట్టుకోకండి. గైడ్‌కీ డ్రైవర్‌కీ టిప్ విడివిడిగా ఇవ్వండి, ఒకరికిస్తే రెండోవాళ్లకి చేరుతుందన్న నమ్మకం లేదు. పడమర దారి కూడా ఇదే రోజులో కలిపి ఇస్తామని ఎవరైనా అంటే ఒప్పుకోవద్దు. దువాంగ్ లామ్ హనోయికి అటువైపు యాభై కిలోమీటర్ల దూరం, దానికి విడిగా ఒక రోజు కావాలి.