పాదంలో ఎక్కువ ఎముక ఉందని రిపోర్టు వస్తే

కాలు బెణికి ఎక్స్‌రే తీయించుకుంటే రిపోర్టులో 'ఆస్ ట్రైగోనమ్' అనో, 'యాక్సెసరీ నావిక్యులర్' అనో రాసి ఉంటుంది. రెండూ పాదంలో కొందరికి ఉండే అదనపు ఎముకల పేర్లే. దాన్ని గూగుల్‌లో కొడితే ముందు ఆపరేషన్ వీడియోలే వస్తాయి. ఇక టెన్షన్ మొదలు, హాస్పిటళ్ల చుట్టూ కాళ్లరిగేలా తిరగడం మొదలు. నేను ఎక్స్‌రే, స్కానింగ్ రూములో పనిచేస్తాను. రిపోర్టు రాసేది రేడియాలజిస్టే, నాది ఫిల్ము తీసే పని. కానీ ఫిల్ము పట్టుకుని "ఇదేంటండీ, ఇంకో ఎముకంట" అని అడిగేది మాత్రం నన్నే, అందుకే ఇదంతా ఒకచోట రాసి పెడుతున్నా.

పాదంలో లెక్కకి 26 ఎముకలు. బొటనవేలి కింద ఉండే రెండు చిన్న గింజల్లాంటి ఎముకలు దాదాపు అందరికీ ఉన్నా ఈ 26లోకి రావు. ఇవి కాక కొందరికి అదనంగా ఇంకొకటో రెండో ఉంటాయి. పిల్లలు ఎదిగే వయసులో ఒక్కో ఎముక పక్కన విడిగా ఒక బుడిపె గట్టిపడి, తర్వాత అసలు ఎముకలో కలిసిపోవాలి, అది కలవకుండా విడిగా ఉండిపోతే అదే అదనపు ఎముక. అంటే ఇది జబ్బు కాదు, నిన్నటి దెబ్బ వల్ల వచ్చిందీ కాదు. లోపలి చీలమండకి కాస్త ముందు, పాదం లోపలి అంచున ఉండే యాక్సెసరీ నావిక్యులరే తీసుకోండి, ఒక్కో పుస్తకంలో ఒక్కో అంకె ఉంటుంది గానీ సుమారుగా పది మందిలో ఒకరికి ఉంటుంది. చాలామందికి అది ఉన్నట్టు జీవితాంతం తెలియనే తెలియదు.

అసలు తికమక ఎక్కడంటే, అది విరిగిన ముక్కా, పుట్టు ఎముకా అని తేల్చడంలో. ఇది ఇప్పటి గొడవ కూడా కాదు. 1882లో, అంటే ఎక్స్‌రే కనిపెట్టడానికి పదమూడేళ్ల ముందు, మాంట్రియల్‌లో షెపర్డ్ అనే డాక్టరు చీలమండ ఎముక వెనక కొనలో ఊడిన ముక్కని చూసి ఫ్రాక్చర్ అని రాశాడు. అదే ఏడాది టర్నర్ అనే అనాటమీ ప్రొఫెసర్ అదే చోట ఉండే ముక్కని విడి ఎముకగా వర్ణించాడు, మన ఆస్ ట్రైగోనమ్ అదే. ఇద్దరూ చెప్పినవి నిజంగా ఉన్నవే, అందుకే ఇప్పటికీ తికమక పోలేదు. ఫిల్ములో చూడాల్సింది అంచులు. పుట్టు ఎముకైతే చుట్టూ తిరిగి సన్నటి తెల్లగీత ఉంటుంది, ఎక్కడా తెగదు, మూలలు నున్నగా ఉంటాయి. కొత్తగా విరిగిందైతే ఒక వైపు ఆ గీత ఉండదు, అంచు గరుగ్గా ఉంటుంది, పక్క ఎముకలో సరిగ్గా ఆ ముక్క పట్టేంత లోటు కనిపిస్తుంది. రెండో కాలికి కూడా తీసి పోల్చమంటారు కొందరు. పోల్చొచ్చు, కానీ ఒక్క కాలికే ఉండేవాళ్లు బోలెడుమంది, కాబట్టి ఆ కాల్లో లేదని ఈ కాలు విరిగిందనుకోకండి.

పిల్లల విషయంలో ఇంకో మాట. పదీ పన్నెండేళ్ల వయసులో పాదం బయటి అంచున చిటికెన వేలికి వెళ్లే పొడుగు ఎముక మొదట్లో ఒక గీత కనిపిస్తుంది. ఎముక పొడవునా నిలువుగా ఉంటే అది ఎదుగుదల గీత, అడ్డంగా ఉంటే ఫ్రాక్చర్ అనుకోవాలి. నిలువు గీతని చూసి హెయిర్‌లైన్ క్రాక్ అని భయపడి, పక్కింటాయన చెప్పాడని పుత్తూరు కట్టుకి బయల్దేరేవాళ్లున్నారు. విరగనిదానికి కట్టెందుకు?

మరి ఈ ఎముకలు ఎప్పుడూ నొప్పి పెట్టవా అంటే, కొన్ని పెడతాయి. యాక్సెసరీ నావిక్యులర్‌లో మూడు రకాలున్నాయి. 2, 3 మిల్లీమీటర్ల గుండ్రటిది టెండన్ (కండరాన్ని ఎముకకి పట్టి ఉంచే తాడులాంటిది) లోపలే ఉంటుంది, ఎవరి జోలికీ రాదు. అసలు ఎముకకి పూర్తిగా అతుక్కుపోయి పాదం లోపలి వైపుకి పొడుచుకొచ్చే రకం మహా అయితే చెప్పు ఒరుసుకునేలా చేస్తుంది. గొడవంతా ఈ రెంటికీ మధ్య రకంతోనే. ఇది సెంటీమీటరు దాకా ఉంటుంది, దీనికీ అసలు ఎముకకీ మధ్య పలుచటి మెత్తెముక పొర ఉంటుంది, పాదం వంపుని ఎత్తిపట్టే టెండన్ వచ్చి దీన్నే పట్టుకుంటుంది, అడుగేసినప్పుడల్లా లాగుతుంది, కాలు మడతపడితే ఆ పొర దగ్గరే కదిలిపోతుంది. ఆస్ ట్రైగోనమ్ కథ వేరు. అది చీలమండ వెనక ఉంటుంది కాబట్టి పాదాన్ని బాగా కిందికి చాపినప్పుడు పైన కాలి ఎముకకీ కింద మడమ ఎముకకీ మధ్య అడకత్తెరలో పోకచెక్క అయిపోతుంది. పుస్తకాల్లో ముని వేళ్ల మీద నిలబడే బాలే డ్యాన్సర్ల గురించి రాస్తారు. మన దగ్గర వాళ్లు తక్కువ గానీ ఫుట్‌బాల్ ఆడేవాళ్లకీ, ఫాస్ట్ బౌలర్లకీ ఇదే బాధ.

నేను టేబుల్ మీద పడుకోబెట్టగానే ఒకటే అడుగుతా: ఒక్క వేలితో నొప్పి ఎక్కడో చూపించండి. అరచేత్తో పాదమంతా తడిమి "ఇక్కడంతా" అంటారు. కాదు, ఒక్క వేలే. ఆ వేలు పెట్టిన చోటూ ఫిల్ములో ఎముక ఉన్న చోటూ ఒకటి కాకపోతే ఆ ఎముక మీద కేసు పెట్టడానికి లేదు. బయటి చీలమండ వాచి, ఎముకేమో లోపలివైపు ఉంటే దాని పేరు చూసి కంగారెందుకు? ఒకటే అయితే అప్పుడు ముందుకెళ్లొచ్చు. మామూలుగా తీసే రెండు యాంగిల్స్‌లో నావిక్యులర్ పక్కది ఒక్కోసారి సరిగ్గా కనపడదు, పాదాన్ని పక్కకి తిప్పి ఏటవాలుగా ఇంకోటి తీస్తే బయటపడుతుంది. అల్ట్రాసౌండ్‌లో ప్రోబుతో అక్కడే నొక్కి చూడొచ్చు, టెండన్ కూడా కనిపిస్తుంది. ఎమ్మారైలో కొవ్వు వెలగకుండా అణిచిపెట్టి తీసే బొమ్మల్లో ఆ చిన్న ఎముకా, దాని పక్క ఎముకా తెల్లగా వెలిగితే లోపల నీరు చేరిందని, అక్కడ రాపిడి జరుగుతోందని అర్థం. రెండూ నల్లగా ప్రశాంతంగా ఉంటే మీ డాక్టరుగారే "వేరే కారణం వెతుకుదాం" అంటారు. ఇంకా అనుమానముంటే అక్కడే మత్తు ఇంజెక్షన్ ఇచ్చి నొప్పి పోతుందేమో చూస్తారు. బెణికిన ప్రతి కాలికీ మొదటి రోజే ఎమ్మారై మాత్రం డబ్బు దండగ, ఇది నా మాట.

దీనివల్లే నొప్పి అని తేలినా నేరుగా ఆపరేషన్‌కి పోరు. ఆటకి కొన్నాళ్లు సెలవు, వంపుకి ఆసరా ఇచ్చే ఇన్‌సోల్, అవసరమైతే కొన్ని వారాలు బూటో కట్టో, ఫిజియోథెరపీ. ఇవన్నీ చేసి నెలల తరబడి చూశాక కూడా తగ్గకపోతేనే ఆ ముక్కని తీసేసే మాట వస్తుంది. ఈలోగా మీ పాత ఫిల్ములుంటే పారేయకుండా వెంట తీసుకెళ్లండి, రెండేళ్ల కిందటి ఎక్స్‌రేలో కూడా అదే ముక్క అక్కడే అలాగే ఉంటే నిన్నటి దెబ్బకి విరిగిందేమోనన్న అనుమానం అక్కడికక్కడే తీరిపోతుంది.